మందు మీద ఎర్రమన్ను

ల్యాబులో దోమల మందు డబ్బా మూత తీసినప్పుడల్లా చండ్రుగొండ దగ్గరి మా మట్టి ఇల్లు గుర్తొస్తుంది.

ఆ వానాకాలం ఊరంతా చలిజ్వరాలు. జీపులో వచ్చినవాళ్లు ఇంటింటా గోడలకు మందు కొట్టి వెళ్లిపోయారు. గోడల నిండా తెల్లటి మరకలు, ముక్కులు పగిలిపోయే వాసన. మర్నాడే నాయనమ్మ ఎర్రమన్ను కలిపింది. నేను నా మంచం పక్క గోడకు వీపు ఆనించి కూర్చున్నాను.

“లే బిడ్డా. పండుగ ముంగట గోడ గిట్లుంటదా?”

“నేను లేవ! తెల్లగుంటేనే దోమలు భయపడతయ్.”

దోమలు మరకలు చూసి పారిపోతాయనుకున్నాను. గోడ మీద వాలితేనే చస్తాయనీ, పైన మన్ను పూస్తే మందు పనిచేయదనీ చదువుకున్నాకే తెలిసింది. నాయనమ్మ విసుక్కుని, నేను కూర్చున్నంత మేర వదిలేసి ఇల్లంతా పూసేసింది. నెల తిరక్కుండానే చలిజ్వరంతో దవాఖానాలో పడింది.

దోమలతో రోగాలు ఎలా వ్యాపిస్తాయో పరిశోధించడమే ఇప్పుడు నా ఉద్యోగం. మీటింగుల్లో ఎవరైనా “ఆ అడవి ఊళ్లవాళ్లు చెబితే వినరండీ” అంటే నేను ఊరుకోను. లేచి నిలబడి అడుగుతాను.

“మందు మీద మన్ను పూయొద్దని మా నాయనమ్మకు ఎవరు చెప్పారు?”