బాల్కనీ కడ్డీల మధ్య సాలెగూడు

గోపన్‌పల్లిలో మా ఫ్లాటు ఎదురుగా ఎప్పుడూ ఏదో ఒక టవర్ లేస్తూనే ఉంటుంది. క్రేన్లు, పరంజాలు, దుమ్ము. వాటిని నేనేనాడూ తలెత్తి చూడలేదు. ఒక సాలీడు మాత్రం నన్ను నిలబెట్టేసింది.

బతుకమ్మ పండుగకు ముందు, ఒక ఉదయం ఆఫీసు క్యాబ్ కోసం చూస్తూ బాల్కనీలో టీ తాగుతున్నాను. శనగగింజంత పురుగు కడ్డీ మీద నిలబడి ఒక పోగును గాలికి వదిలింది. అది పోయి బట్టలారేసే తీగకు అంటుకుంది. దాని మీద నడిచి, మధ్యలోంచి కిందికి దిగి, మళ్ళీ నడిమికొచ్చి, బండి చక్రం ఆకుల్లా చుట్టూ పోగులు లాగింది. తర్వాత నడిమి నుంచి బయటికి ఎడంగా చుట్లు తిప్పింది. అయిపోయిందనుకున్నాను. అప్పుడు అంచు దగ్గర వెనక్కి తిరిగి, ఆ చుట్లను తీసేస్తూ, వాటి చోట జిగురు పోగును దగ్గర దగ్గరగా పరుచుకుంటూ వచ్చింది. అంటే మొదటిది ఉత్త పరంజా అన్నమాట. ఒక్కో పోగును కాలితో తడిమి చూసి మరీ అంటిస్తోంది. ఎవరు నేర్పారు దీనికి? కింద క్యాబ్ హారన్ కొట్టి కొట్టి వెళ్ళిపోయింది. పోతే పోనీ అనుకున్నాను.

భయమంతా అమ్మ గురించే. పండుగ ముందు ఇల్లంతా బూజు దులిపితేగానీ ఆమెకు నిద్ర పట్టదు. పోయిన ఏడు ఆమె దులిపాక కూడా మూలల్లో బూజు అలాగే ఉండిపోతే, నొచ్చుకుంటుందని చాటుగా నేనే దులిపాను. అప్పటికే అమ్మకు ఒక కన్ను పోయింది. మిగిలిన కంటికి ఈమధ్యే దవాఖానలో ఆపరేషన్ చేయించాం. ఎలా ఉందమ్మా అంటే, "మంచిగనే కనిపిస్తుంది, నువ్వు పరేషాన్ గాకు" అంటుంది. మొదటి కన్ను పోతున్నప్పుడూ ఇదే మాట. ఎలా నమ్మను?

బూజుకర్ర పట్టుకుని అమ్మ రానే వచ్చింది. గూడు జోలికి పోవద్దని చెప్పబోయి ఆగిపోయాను. చెబితే గూడు మిగులుతుంది, కంటి సంగతి మాత్రం తేలదు. ఎండ పడితే తప్ప నాకే కనిపించని పోగులవి. పక్కకు జరిగి దారిచ్చాను.

అమ్మ కర్ర తిన్నగా గూడు మీదికే లేచింది.

"పండుగపూట ఇంట్ల బూజు పెట్టుకుంటరా? నడుమ పురుగు తలకిందుల కూసున్నది, నీకు కనిపిస్తలేదా?"

ఒక్క విసురుకు గూడంతా కర్రకు చుట్టుకుపోయింది. సాలీడు తీగ మీదికి పరుగు తీసింది. నేను అమ్మను వాటేసుకుని ఏడ్చేశాను.

"ఏందే, పురుగు గూడు పోతే గిట్ల ఏడుస్తరా" అంటూ అమ్మ వీపు నిమిరింది.