ఎత్తి పట్టుకున్న బంతి

ఇరాక్ సైన్యం కువైట్‌లోకి దిగినప్పుడు, నేను పనిచేసే ఇంటి యజమానురాలు, మేము మామా అని పిలిచే ఆమె, వాళ్ళింటోళ్ళు నన్ను వదిలేసి సౌదీకి పోయినారు. ఇండియాకు విమానం దొరుకుతుందంటే ఒక్కదాన్నే జోర్డాన్ బస్సెక్కితిని. పక్క సీట్లో మన రాయచోటి ఆయన, ఒళ్ళో ఫుట్‌బాల్ పెట్టుకోని ఉండె. బస్సు ఆగినచోటల్లా దిగి, దాన్ని తలపైకెత్తి నిలబడేవాడు.

"మా శుక్రవారం ఆటల్లో గెలిచినోళ్ళ కాడే బంతి ఉండాలక్కా. మొన్న మేమే గెలిస్తిమి, ఫైనల్ ఒకటే మిగిలింది. మా టీమోళ్ళు ఏ బస్సులో ఉండారో! దీన్ని చూస్తే వస్తారు."

ఎవరూ రాలేదు.

సరిహద్దు కాడికి వచ్చేసరికి ఆయన జ్వరంతో నిద్రపోతుండాడు. బంతి తీసుకోని నేనే దిగితిని. నన్ను వెతికేవాళ్ళెవరూ లేని ఆ గుంపులో, ఒక్కో మొహమూ చూసుకుంటా, చేతులు నొప్పి పుట్టేదాకా దాన్ని ఎత్తి పట్టుకున్నా.