తపస్సు మాను మెట్ల కొలతలు

తిరుపతిలో ఉదయం 5.40కి బస్సెక్కితే సత్యవేడు చేరేసరికి 7.55. అక్కడి నుంచి ఊరికి ఆటోలో ఆరు కిలోమీటర్లు. ద్రౌపదమ్మ గుడి ముందు నిలువుగా పాతిన దుంగ తపస్సు మాను. ఎత్తు ఇరవై రెండు అడుగులు, మెట్లు పన్నెండు. ఏ రెండు మెట్ల మధ్య దూరమూ ఒకటి కాదు: కనిష్ఠం పధ్నాలుగు అంగుళాలు, గరిష్ఠం ఇరవై ఆరు.

భారతం ఉత్సవాల్లో, అర్జునుడు తపస్సుకు వెళ్లే ఘట్టంలో, ఆ వేషగాడు మెట్టుకొక పద్యం పాడుతూ ఆ మాను ఎక్కుతాడు. ముప్పై ఎనిమిదేళ్లు ఎక్కిన పెద్దాయనకు ఇప్పుడు డెబ్బై ఒకటి. ఆయన పద్యాలకు పుస్తకం లేదు. గురువు కింద నిలబడి, బెత్తంతో మడమ తట్టి, ఒక్కొక్క మెట్టు మీదే నేర్పాడట. ఇంజనీరింగ్ చదివి, కొలతల పని వదిలి ప్రదర్శన కళలోకి వచ్చినవాణ్ణి నేను. ఆయన శరీరంలో మిగిలిన ఆ పన్నెండు పద్యాలను ఆయనతో కలిసి ప్రదర్శనగా మలచాలనుకున్నాను. ఆయనకు కావలసింది వేరు. పోయేలోగా వాటిని ఎవరికైనా అప్పగించాలి.

"నిన్న ఉప్పు తెమ్మంటే ఒట్టి సంచి తెచ్చినాడు. ఈయన కాడ పద్యాలు అడగతా ఉండావా నువ్వు?" అని ఆయన భార్య నవ్వింది.

"నువ్వుండవే. కూసుంటే రావు, ఎక్కితే వస్తాయి" అన్నాడాయన.

నిజమే. కూర్చుంటే ఒక్కటీ రాలేదు. మాను మీద మూడో మెట్టు దాకా మూడు పద్యాలూ తడబాటు లేకుండా వచ్చాయి, రికార్డు చేసుకున్నాను. అంతకంటే పైకి ఎక్కవద్దని మోకాళ్లు చూసిన డాక్టరు అన్నాడు.

అందుకే రేణిగుంటలో అద్దెకు తీసుకున్న గోడౌనులో ఇనుప మాను చేయించాను. మోకాళ్లకు సులువని మెట్లన్నీ పన్నెండేసి అంగుళాలకు సమం చేశాను. గీసిన పటం చూసుకొని తృప్తిపడ్డాను కూడా. మూడు వారాలు రోజూ ఎక్కించాను. కొత్తగా రెండు పద్యాలు వచ్చాయి, అవీ రికార్డు చేసుకున్నాను. ఆరో మెట్టు మీద ఆయన పాదం గాలిలో వెతుక్కుంటూ ఆగిపోయేది.

"అన్నీ ఒకటే మాదిరి పెట్టినావే అప్పా. నా కాలికి ఇది యాడో తెలవడం లేదు."

ఏ పద్యం ఎక్కడో ఆయన కాలికి చెప్పేది ఆ ఎగుడుదిగుడు దూరాలేనని అప్పుడు అర్థమైంది. పాత దూరాలను అంగుళం తేడా లేకుండా పెట్టించి మళ్లీ ఎక్కించాను. ఈసారి మూడో పద్యమే రెండో దానితో కలిసిపోయింది. చివరికి ఆయన పట్టుబడితే గుడి ముందరి మాను దగ్గరికే వెళ్లాం. రెండో మెట్టు మీది నుంచి ఎత్తిన కాలును, గోడౌనులో అలవాటైన పన్నెండు అంగుళాల దగ్గర, మెట్టు లేని గాలిలో మోపాడు. జారాడు. కిందున్న నేను పట్టుకున్నాను, కానీ ఎడమ మోకాలు మెలిపడింది.

ఇంట్లో పడుకోబెట్టాక ఆయన నన్ను తిట్టలేదు. "మూడు వారాలు బాగా ఎక్కించినావు లే" అని మాత్రం అన్నాడు. భార్య ఆ రోజు నవ్వలేదు. కాఫీ ఇచ్చి లోపలికి వెళ్లిపోయింది.

పన్నెండు పద్యాల్లో దక్కినవి ఐదు, పోయినవి ఏడు. ఆయన ఇప్పుడు కర్ర లేకుండా గడప దాటలేడు. ప్రదర్శన రద్దయింది. ఇనుప మానును విప్పి తూకానికి అమ్మేశాను.