స్పెయిన్ నటుడికి మావాళ్ల సన్మానం

సిడ్నీలో యూనివర్సిటీ చదువుకునే రోజుల్లో క్వేకర్స్ హిల్ అనే పేటలో ఒక స్పెయిన్ నటుడి ఇంట్లో వెనక గది అద్దెకు తీసుకున్నాను. ఆయన నటుడని నాకు ముందు తెలియదు. ఇల్లు స్టేషన్‌కు దగ్గర, వంటింట్లో పోపు పెట్టుకోనిస్తాడు. ఇంటి ఓనరు దగ్గర అంతకుమించి కళను ఆశించే స్థితిలో నేను లేను.

ఆయన జీవిత చరిత్ర మాత్రం గదితోపాటే వచ్చింది. మీసాలు రాకముందే ఊరూరా తిరిగే నాటకాల కంపెనీలో చేరాడు. మాడ్రిడ్ వెళ్లి పెద్ద స్టేజీల మీద రాజుల వేషాలూ తాగుబోతుల వేషాలూ వేశాడు. సినిమాల్లో ఆయన ముఖానికి చర్చి ఫాదర్ వేషాలే దొరికాయి. ఎన్ని జంటలకు పెళ్లి చేశాడో ఆయనకే గుర్తులేదు. తర్వాత ఒక టీవీ సీరియల్లో ఏళ్ల తరబడి మందుల షాపు ఓనరు. వీధిలో జనం ఆపి దగ్గుకు మందు అడిగేవారట. ఈయన చెప్పేవాడట కూడా.

"మరి ఎందుకు మానేశారు సార్?" అంటే, "డైరెక్టర్లందరూ మూర్ఖులైపోయారు" అనేవాడు. అసలు సంగతి ఆయన కూతురు చెప్పింది. ఆదివారం భోజనానికి వచ్చినప్పుడు గిన్నెలు కడుగుతూ చెప్పింది. ఆయన డైలాగులు మర్చిపోవడం మొదలైందట. చెవిలో చిన్న ఇయర్‌ఫోన్ పెట్టి అందించారు. తర్వాత మాటల్లేని వేషాలిచ్చారు. చివరికి మంచం మీద స్పృహ లేకుండా పడుకునే రోగి వేషం ఇచ్చేసరికి ఆయన సూట్‌కేసు సర్దుకుని సిడ్నీ వచ్చేసి, కూతురికి దగ్గర్లో ఈ ఇల్లు కొనుక్కున్నాడు.

మా ఓనరు నటుడన్న మాట నేను ఊరుకోక మా తెలుగు సంఘం అంకుల్ చెవిన వేశాను.

"స్పెయిన్ హీరోనా! ముందే చెప్పొద్దా అమ్మా? ఈసారి ఉగాదికి ఆయనే మన చీఫ్ గెస్టు. శాలువా, దండా మేం చూసుకుంటాం. నువ్వు ఆయన్ని కార్లో తీసుకొచ్చెయ్, దట్సాల్."

ఓనరుకు శాలువా అక్కర్లేదు, స్టేజీ కావాలి. తాను వయసులో ఉండగా వేసిన నాటకంలోంచి ఒక ఘట్టం చేస్తానన్నాడు. పడవ పోగొట్టుకున్న ముసలి జాలరి సముద్రాన్ని నిలదీసే ఘట్టం. "ఎవరూ అందించకుండా, మొదటినుంచి చివరిదాకా. ఒక్కసారి చాలు," అన్నాడు. ఆయన తనకు తానే పరీక్ష పెట్టుకుంటున్నాడని నాకు అర్థమైంది.

రోజూ పొద్దున్నే గ్యారేజీలో రిహార్సల్. గోడకు ఇవతల నేనూ, నా అసైన్‌మెంటూ. నాకు స్పానిష్ రాదు కానీ ఆ ఘట్టం వరస మొత్తం నోటికి వచ్చేసింది. జాలరి తన పడవను పేరుపెట్టి మూడుసార్లు పిలుస్తాడు. మూడో పిలుపు తర్వాత ఆగుతాడు, సముద్రం జవాబు చెబుతుందేమోనని. "ఆ మౌనమే నటన. మిగతాది ఎవడైనా చెప్పగలడు," అనేవాడు ఓనరు.

మధ్యాహ్నం అనుకున్న ఉగాది సభ తీరిగ్గా సాయంత్రం మొదలైంది. మా సభలకు ఒక నియమం ఉంది. మైకు ఒక్క క్షణం ఖాళీగా ఉండకూడదు, ఉంటే ప్రోగ్రాం ఫెయిలైనట్టే లెక్క. అందుకే యాంకరింగ్ చేస్తున్న మా సంఘం అంకుల్ రెండో మైకు చేతిలోంచి దించలేదు. పిల్లల డాన్సు మధ్యలో పాట ఆగిపోతే మిగతాది తనే పాడేశాడు. మా ఓనరును కళామతల్లి ముద్దుబిడ్డ అన్నాడు, వందల సినిమాల హీరో అన్నాడు. ఫాదర్ వేషాల ఊసు ఎత్తలేదు. శాలువా కప్పారు, దండ వేశారు, స్పాన్సర్లు కుటుంబాలతో సహా ఫోటోలు దిగారు. హాలంతా "డైలాగ్! డైలాగ్!" అని కేకలు.

ఓనరు శాలువా, దండా తీసి కుర్చీ మీద పెట్టి మొదలుపెట్టాడు. అది గ్యారేజీలో విన్న గొంతు కాదు. పులిహోర ప్లేట్లు పట్టుకున్నవాళ్లు కూడా నమలడం ఆపి చూశారు. పడవను పిలిచాడు. ఆగాడు.

"వావ్! వాట్ ఎ పెర్ఫార్మెన్స్! ఏంటీ, అందరికీ చేతుల్లేవా? సౌండ్ రావాలి, సౌండ్!" అని అంకుల్ రెండో మైకులో అరిచాడు. వెంటనే మ్యూజిక్కు, ఈలలు. ఫోటోల కోసం మళ్లీ జనం స్టేజీ ఎక్కేశారు.

నాకు ఒళ్లు మండిపోయింది. అంకుల్‌ని నాలుగు కడిగేద్దామని లేచాను. లేచాక తట్టింది. ఆయన పడవను పిలిచింది ఒక్కసారే. మౌనం రావాల్సిన చోటు అది కాదు. ఓనరు వైపు చూశాను. ఆయన కళ్లు ముందు వరసలో మాట అందించేవాళ్ల కోసం వెతుకుతున్నాయి.

కారెక్కగానే విరుచుకుపడ్డాడు. "మీవాళ్లకు మౌనం అంటే తెలుసా? ఆ మైకు రాక్షసుడు నా ఘట్టాన్ని పీక పిసికి చంపాడు! సరిగ్గా మౌనం దగ్గర!"

రోడ్డు వైపే చూస్తూ, "అవును సార్, ఇంకొక్క క్షణం నోరు మూసుకుంటే ఆయన సొమ్మేం పోయింది?" అన్నాను. ఇల్లు చేరేదాకా ఇద్దరం కలిసి అంకుల్‌ని తిట్టాం. ఆయనకంటే నేనే ఎక్కువ తిట్టాను.

కారు దిగబోతూ, "వచ్చే ఏడాది మళ్లీ పిలుస్తారా?" అని అడిగాడు.

"తప్పకుండా పిలుస్తారు సార్," అన్నాను. యాంకరింగ్ మాత్రం ఆ అంకులే చేయాలని మనసులో మొక్కుకున్నాను.