వెనక్కి అడిగిన ఉగ్గుగిన్నెలు

మొన్న విజయనగరంలో గంటస్తంభం వెనక సందులోంచి నడుస్తుంటే నవాసాగరం పొగ ముక్కుకు తగిలింది. ఒక ముసలాయన కుంపటి మీద పాత ఇత్తడి తపేలా కాల్చి, లోపల తగరం ముక్క రాసి, దూదితో గిర్రున తిప్పుతున్నాడు. తెల్లటి ఘాటైన పొగ లేచి గొంతులో గీరింది. కళాయి పూసేటప్పుడు వచ్చే ఆ వాసన ఇప్పటివాళ్లలో చాలామందికి తెలియదు. నేను మాత్రం అది తగలగానే అక్కడే ఆగిపోయాను. "తగరం ఎక్కడ కొన్నారు తాతా?" అని అడిగేశాను. ఆయన నన్ను ఎగాదిగా చూసి, నీకెందుకన్నట్టు మళ్ళీ పనిలో పడ్డాడు. ఆ ప్రశ్న అడగడం నాకు నేర్పింది వరహాలమ్మ గారు. ఆవిడ నరసన్నపేటలో ఇత్తడి సామాన్ల కొట్టు నడిపేవారు. చుట్టుపక్కల ఊళ్లవాళ్లందరికీ ఆవిడ సావుకారమ్మ.

డిగ్రీ అయ్యాక నేను ఆ కొట్లో పనికి కుదిరాను. మాది ఆ పక్కనే వరి పండించుకునే ఊరు. కంప్యూటరులో లెక్కలు ఎక్కించడం, ఇంగ్లీషులో ఉత్తరాలు రాయడం నా పని. ఆవిడకు అప్పటికి అరవై దగ్గర పడ్డాయి. పెళ్లయిన నాలుగేళ్లకే పుట్టింటికి తిరిగొచ్చి తండ్రి కొట్లో కూర్చున్నారట. ఎందుకు వచ్చారో ఎవరూ చెప్పలేదు, నేనూ అడగలేదు. ఐదో తరగతి దాటి చదవలేదు గానీ, కొట్టుకు వచ్చిన ఏ కాగితమైనా నా చేత పైకి చదివించి, చివర ఒకటే మాట అడిగేవారు: "ఇందులో మనల్ని కట్టీసే మాట ఏటున్నాది?" నేను వెతికి చూపించేదాన్ని. ఆ మాట మీద వేలు పెట్టి, దాని రూపాన్ని గుర్తు పెట్టుకుంటున్నట్టు కాసేపు చూసేవారు. ఏ గిన్నె అమ్మినా ముందు దాని అంచు చుట్టూ బొటనవేలు తిప్పి, గీసుకోదని తేలాకే కాగితంలో చుట్టేవారు.

విశాఖపట్నంలో జరిగిన ఒక హస్తకళల ప్రదర్శనలో మా ఉగ్గుగిన్నెలు చూసి, జర్మనీలో చిన్న దుకాణం నడిపే ఒకావిడ మాకు ఉత్తరం రాశారు. ఉగ్గుగిన్నె అంటే పసిపిల్లలకు పాలు పట్టే చిన్న ముక్కుగిన్నె. ఇత్తడితో చేసి, లోపల తగరంతో కళాయి పూస్తారు. అక్కడ దాన్ని కాఫీలో పాలు పోసుకోవడానికి వాడతారట. అరవై గిన్నెలకు ఒప్పందం పంపారు. అందులో ఒక షరతు చదివి చెప్పగానే వరహాలమ్మ గారు నవ్వారు. కంప్యూటరులో బొమ్మ చూసి కొన్నవాళ్లు పద్నాలుగు రోజుల్లోగా ఏ కారణమూ చెప్పకుండా వస్తువు తిరిగి ఇచ్చేయవచ్చు, ఐరోపా చట్టం అది, దుకాణందారు కాదనడానికి లేదు. మా బిల్లుల మీద అడుగున "అమ్మిన సరుకు వాపసు తీసుకోబడదు" అని ఆవిడ తండ్రి కాలం నుంచీ అచ్చయి ఉంది. ఆ రెండూ పక్కపక్కన పెట్టుకుని ఆవిడ చాలాసేపు ఆలోచించారు. బొమ్మ చూసి కొన్నవాడు దాన్ని చేత్తో పట్టుకుని చూడలేదు కాబట్టి, ఆ చూసే గడువే వాళ్లు ఇస్తున్నారని నేను వివరించాను. "సేత్తో సూడందే కొన్నట్టు కాదన్నమాట," అన్నారు. "సరే, అది నాయమే. రాసీ." సరుకు వెళ్ళింది.

ఐదు నెలలకు రెండో ఉత్తరం వచ్చింది. మళ్ళీ సరుకు అడుగుతున్నారనుకుని ఉత్సాహంగా తెరిచాను. సగం చదివి, మళ్ళీ మొదటినుంచి చదివాను. అక్కడి తనిఖీ అధికారులు ఆ దుకాణంలోంచి రెండు గిన్నెలు తీసుకెళ్లి పరీక్ష చేశారట. లోపలి పూతలో సీసం ఉంది, అది పాలలోకి దిగుతోంది. తిండి తగిలే వస్తువులోంచి ఒంటికి హాని చేసేది ఏదీ దిగకూడదని వాళ్ల చట్టం. బయటి దేశం నుంచి తెచ్చి అమ్మినవాళ్లు తామే తయారు చేసినట్టుగా బాధ్యత వహించాలట. కొన్నవాడికి హాని జరిగితే, అమ్మినవాడి అజాగ్రత్తను రుజువు చేయనక్కర్లేదు. వస్తువులో లోపం ఉందనీ, దానివల్లే హాని జరిగిందనీ చూపిస్తే చాలు. అందుకని ఆవిడ అమ్మిన గిన్నెలన్నీ వెనక్కి రప్పిస్తున్నారు. ఆ తగరం ఎక్కడిదో, దాన్ని ఇంకా వేటికి పూశారో చెప్పమని అడిగారు. ఉత్తరంలో కోపం లేదు. అదే నాకు ఎక్కువ భయం పుట్టించింది.

వరహాలమ్మ గారు ప్రతి వాక్యం రెండుసార్లు చెప్పించుకున్నారు. మనకు తెలియదని రాస్తే సరిపోదా అని ఒకసారి అడిగారు. తెలియకపోవడం అక్కడ జవాబు కాదన్నాను. ఆవిడ చేతిలో ఉన్న గిన్నెను మెల్లగా బల్ల మీద పెట్టారు. ఆ తరవాత అన్న మాట నాకు ఇప్పటికీ ఆవిడ గొంతుతోనే వినిపిస్తుంది.

"ఆల్లు కాపీలోకి పోసుకున్నారే అమ్మీ. మనోలు పసిగుంటలకి పట్టినారు."

అప్పటిదాకా నాకు ఆ సంగతి తట్టనే లేదు. జర్మనీకి ఏం జవాబు రాయాలా అనే ఆలోచిస్తున్నాను.

కళాయి పూసేది సింహాచలం. పక్క ఊళ్లో ఉండేవాడు, ముప్పై ఏళ్లుగా మా కొట్టుకే పని చేసేవాడు. ఆ సాయంత్రమే వెళ్ళాం. ఎప్పుడూ తెచ్చుకునే చోట తగరం దొరక్కపోతే దారినపోయే ఒక వ్యాపారి దగ్గర కొన్నానని దాచకుండా చెప్పాడు. అప్పుడే దసరా అయిందని కూడా గుర్తు చేసుకున్నాడు. "బేగి కరిగింది, సుకంగా పాకింది. తెల్లగా మెరిసినాది. సీసం కలిసుంటాదని నాకేటి తెలుస్తాదమ్మా," అన్నాడు. చెబుతూ చెబుతూ ఇంట్లోకి చూశాడు. లోపల అతని మనవరాలు నేల మీద పాకుతోంది. లేచి వెళ్లి ఆ పిల్ల ఉగ్గుగిన్నె తెచ్చి మా ముందు పెట్టి, మళ్ళీ మా వైపు చూడలేదు. వరహాలమ్మ గారు ఆ గిన్నె తీసి సంచిలో వేసుకున్నారు. దారిలో నేను అతని మీద విసుక్కుంటే, అడగాల్సినప్పుడు తాను అడగలేదని మాత్రం అన్నారు. అన్నిటికీ బొటనవేలు తిప్పి చూసిన మనిషి, తగరం ఎక్కడ కొన్నావని ఒక్కసారీ అడగలేదట.

మర్నాడు శ్రీకాకుళంలో వకీలు దగ్గరికి వెళ్ళాం. ఆయన మంచివాడే. మన దేశంలో వచ్చిన కొత్త వినియోగదారుల చట్టంలోనూ ఇంచుమించు ఇదే సూత్రం ఉందనీ, అందుకే నోరు మెదపకూడదనీ చెప్పారు. ఇక్కడ ఎవరూ పరీక్ష చేయలేదు, ఎవరూ ఫిర్యాదు చేయలేదు. మీరుగా చెబితే మీ నోటితో మీరే తప్పు ఒప్పుకున్నట్టవుతుంది, తరవాత ఏ పిల్లకు జ్వరం వచ్చినా మీ కొట్టు ముందే నిలబడతారు. మిగిలిన సరుకు మెల్లగా తీసేసి ఊరుకోండి. ఆయన చెప్పింది విని నాకు నిజంగా ఊపిరి వచ్చింది. ఉద్యోగం నిలుస్తుంది, ఎవరి ముందూ తల దించుకోనక్కర్లేదు. తిరుగు బస్సులో ఆవిడ కిటికీ వైపు తిరిగి కూర్చున్నారు. చీర కొంగుతో చేతులు తుడుచుకుంటూనే ఉన్నారు. చేతులకు ఏమీ అంటుకుని లేదు.

నరసన్నపేటలో బస్సు దిగగానే, కొట్టు ముందు పెట్టడానికి ఒక పెద్ద అట్ట మీద రాయమన్నారు. నేను బాగా ఆలోచించి, 'కొన్ని ఉగ్గుగిన్నెలలో నాణ్యతా లోపం కనుగొనబడినందున వినియోగదారులు వాటిని తిరిగి ఇవ్వవలసిందిగా మనవి' అని రాశాను. చదివి వినిపించాను.

"లోపమంటే ఏటని ఎవులికి తెలుస్తాది? సీసం అని రాయి. దసరా ఎల్లినకాడినుంచి కొన్న గిన్నిలతోటి పిల్లలకి పాలు పట్టొద్దని రాయి. పట్టినోలు డాట్రుకి సూపించమని రాయి."

"అలా రాస్తే భయపడిపోతారమ్మా."

"బయపడాలనే కదే రాయమంతన్నాను."

రెండో అట్ట మీద రాశాను. 'సీసం' అన్న మాట వంకరగా వచ్చింది. ఆవిడ దాన్నే పెట్టించారు. తరవాత బిల్లు పుస్తకం తీసి, అడుగునున్న 'వాపసు తీసుకోబడదు' అనే వరుసను ప్రతి కాగితం మీదా నా చేత కొట్టేయించారు.

దసరా నుంచి అప్పటిదాకా మా కొట్లో నలభై ఒక్క గిన్నెలు అమ్ముడుపోయాయి. బిల్లుల మీద పేర్లు సరిగా లేవు. కానీ ఉగ్గుగిన్నె కొనడానికి వచ్చినవాళ్లు ఊరికే కొనుక్కుపోరు. కూతురికి కాన్పయిందనో, బారసాలనో చెప్పి మరీ కొంటారు. ఆవిడ కళ్ళు మూసుకుని ఒక్కొక్కరినీ గుర్తు తెచ్చుకుంటే నేను రాసుకున్నాను. ఆటో మాట్లాడుకుని జలుమూరు వైపూ పోలాకి వైపూ పదిహేను రోజులు తిరిగాం. కొంతమంది నవ్వి గిన్నె ఇచ్చేశారు, తామెప్పుడో స్టీలు గ్లాసుకు మారిపోయామన్నారు. ఒకచోట ఆ గిన్నె దేవుడి గూట్లో హారతి పక్కన ఉంది. ఎక్కడికి వెళ్లినా ఆవిడ కూర్చునేవారు కాదు, మంచినీళ్లు తీసుకునేవారు కాదు. చెప్పాల్సింది ముందు చెప్పేవారు.

పోలాకి దగ్గర ఒక ఇంట్లో ఏడు నెలల బాబుకు రోజూ మూడు పూటలా అందులోనే పాలు పడుతున్నారు. తల్లికి పాలు లేవు. ఆ అమ్మాయి మా మాటలు పూర్తిగా వినకుండానే బాబును గుండెకు హత్తుకుంది. అత్తగారు బయటికి వచ్చి, విషం అమ్మి ఇప్పుడు చెప్పడానికి వచ్చారా అని వీధి అంతా వినబడేలా తిట్టింది. నేను వెనక్కి అడుగు వేశాను. వరహాలమ్మ గారు కదలలేదు. "తిట్టమ్మా. ముందు గుంటడిని ఆటో ఎక్కించు, ఆసుపత్రికి ఎల్దాం," అన్నారు.

రక్తం తీసి విశాఖపట్నం పంపారు. ఫలితం రావడానికి తొమ్మిది రోజులు పట్టింది. ఆ తొమ్మిది రోజులూ కొట్లో ఫోను మోగితే ఇద్దరం ఒకరి మొహం ఒకరం చూసుకునేవాళ్ళం. ఆవిడ మధ్యాహ్నం క్యారేజీ విప్పడం మానేశారు. సీసం ఉండకూడనంత ఉందనే వచ్చింది. మందులు అవసరం లేదు, ఆ గిన్నె మానేసి, ఇనుము ఉండే తిండి పెట్టి, మూడు నెలలకు మళ్ళీ పరీక్ష చేయించమన్నారు డాక్టరు గారు. అయితే పసివాళ్లకు ఇంతవరకు ఫరవాలేదనే హద్దు ఏమీ లేదనీ, దాని ప్రభావం చదువుకునే వయసులో ఎప్పుడో బయటపడవచ్చనీ కూడా అన్నారు. మూడు నెలలకు తగ్గింది, ఆరు నెలలకు ఇంకా తగ్గింది. ప్రతిసారీ వరహాలమ్మ గారే వాళ్లను తీసుకెళ్లారు. రెండోసారి వెళ్లినప్పుడు ఆ అత్తగారు ఆటోలో ఆవిడ పక్కన కూర్చుంది. మూడోసారి బాబును ఆవిడ ఒళ్లో పెట్టింది.

సింహాచలం మనవరాలికి కూడా పరీక్ష చేయించాం, స్వల్పంగానే ఉంది. అతను మాత్రం మళ్ళీ కళాయి పూయలేదు. వరహాలమ్మ గారు ఎంత చెప్పినా వినలేదు. ఇంకొక కుటుంబం వకీలు నోటీసు పంపింది. మా వకీలు అలవాటుగా 'ఆరోపణలన్నీ అసత్యం' అని జవాబు తయారు చేసి ఇచ్చారు. నేను చదివాక ఆవిడ సంతకం పెట్టనన్నారు. నిజాన్ని అబద్ధమని రాయించుకుంటే ఇన్ని ఊళ్లు ఎందుకు తిరిగినట్టని అడిగారు. ఉన్నది ఉన్నట్టు రాసి పంపాం. ఆ కుటుంబం కోర్టుకు వెళ్లలేదు, పిల్ల వైద్యం ఆవిడ చూసుకున్నారు. బజారులో మిగతా కొట్లవాళ్లకు ఆవిడ మీద కోపం వచ్చింది. ఇత్తడి అంటేనే జనం భయపడుతున్నారన్నారు. అది నిజమే. మా కొట్టుకు వచ్చేవాళ్లు సగానికి తగ్గారు. జర్మనీ ఆవిడకు జరిగినదంతా రాస్తే, తన కొనుగోలుదారులందరికీ తానూ కబురు పెట్టాననీ, మీరు ఇల్లిల్లూ తిరిగారని చదివి ఏడ్చాననీ జవాబు రాశారు. మళ్ళీ సరుకు మాత్రం అడగలేదు. రెండేళ్లకు కొట్టు మూసేసి, వరహాలమ్మ గారు చీపురుపల్లిలో తమ్ముడి ఇంటికి వెళ్ళిపోయారు.

ముప్పై ఆరు గిన్నెలు వెనక్కి వచ్చాయి. ఐదు దొరకలేదు. ఆ ఐదింటిలో ఒకటి ఎవరు కొన్నారో ఆవిడకు బాగా గుర్తుంది. పాతపట్నం వైపు బస్సు కోసం చూస్తూ, నెలలు నిండిన ఒక అమ్మాయి తల్లితో కొట్లోకి వచ్చింది. అంచు నున్నగా ఉందా అని అడిగితే ఈవిడే ఆ పిల్ల వేలు పట్టుకుని అంచు మీద తిప్పి చూపించారు. పేరు అడగలేదు. పాతపట్నం బస్టాండులో కాగితాలు అంటించాం, ఆ వైపు ఆశా కార్యకర్తలకు చెప్పాం. ఎవరూ రాలేదు. కిందటేడాది నేను చీపురుపల్లి వెళ్లినప్పుడు ఆవిడ మంచం మీదే ఉన్నారు. మనుషుల్ని పోల్చుకోలేక తికమక పడుతున్నారు, నన్ను వాళ్ల మేనకోడలనుకున్నారు. కొంతసేపటికి నా చేయి పట్టుకుని, "ఆ అయిదూ ఒచ్చినాయేటే?" అన్నారు. వచ్చాయని చెప్పవచ్చు. చెబితే సంతోషించేవారు. రాలేదమ్మా, ఇంకా చూస్తున్నాను అన్నాను. తల ఊపారు. ఇరవై రోజులకు పోయారు.

ఇప్పుడు నేను విజయనగరంలో ఎగుమతి సరుకుల ఆఫీసులో పని చేస్తున్నాను. ఐరోపాకు వెళ్లే పెట్టెల్లో పెట్టే జాగ్రత్తల కాగితాలు రాస్తాను. కొన్నవాడికి అర్థమయ్యే భాషలో ఉండాలని అక్కడి నియమం. రాసిన ప్రతిదానికీ తెలుగులో ఇంకొకటి రాసి యజమాని ముందు పెడతాను, అదే సరుకు ఇక్కడా అమ్ముతున్నారు కదా అంటాను. ఇక్కడ ఎవరు అడుగుతారమ్మా అని ఆయన విసుక్కుంటారు. ఒక్కోసారి ఒప్పుకుంటారు, ఒక్కోసారి లేదు. ఒప్పుకోని రోజున నాకు అన్నం సయించదు.

ఆ గిన్నెలతో పాలు తాగిన పిల్లలు ఈపాటికి ఒకటో తరగతిలోనో రెండో తరగతిలోనో ఉంటారు. పనిమీద నరసన్నపేట, పాతపట్నం వైపు వెళ్లినప్పుడు బడి వదిలే వేళ అయితే బస్సు దిగి కాసేపు నిలబడతాను. సంచులు ఊపుకుంటూ, ఒకరినొకరు తోసుకుంటూ పిల్లలు వస్తారు. సీసం మొహం మీద కనబడదని నాకు తెలుసు. అయినా చివరి పిల్ల గేటు దాటేదాకా ఒక్కొక్కరి మొహమే చూస్తూ ఉంటాను.