ఊపిరి బిగబట్టిన సినిమా

"సినిమా మామ పోయినాడప్పా. నిన్ననే మట్టి చేసినారు."

జమ్మలమడుగు దగ్గర మా గనికి బండలెత్తడానికొచ్చిన ప్రొద్దుటూరు లారీ డ్రైవరు ఈ మాట చెప్పి బీడీ వెలిగించుకున్నాడు. మాకు కబురు చేయాలని ఒక్కరికీ తోచలేదు. ఆయన ఆఖరి సినిమాలో ఉన్నది మేమే.

మామ పెళ్లిళ్లలో ఫోటోలు తీసి బతికాడు. మిగిలిన బతుకంతా సినిమాలకే పెట్టాడు. ఆయన సినిమాల్లో హీరో లేడు, పాట లేదు. ప్రొద్దుటూరులో మగ్గం గుంతలోకి దిగి నేతగాడి కాళ్లు మాత్రమే తీశాడు. పులివెందులలో శనక్కాయలు ఒలిచే చేతులు తీశాడు.

"కత యాడుంది మామా?" అని అడిగాను.

"బండ మీద సుత్తేసి, పగుల్తాదో లేదో అని చూస్తాండావు గదా అల్లుడా. అదే కత."

ఆయన గనికొచ్చిన రోజు మేమంతా ముఖాలు కడుక్కుని వరసగా నిలబడ్డాం. ఫోటో అనుకున్నాం. ఊపిరి కూడా బిగబట్టాం. చావి తిప్పితే అర నిమిషం నడిచే కెమెరా అది.

"కదలండప్పా! పని చేసుకోండి!" అని మామ అరుస్తున్నాడు.

మా అమ్మ పెదవులు కదపకుండానే గదిమింది: "కదిలితే చెడిపోతాది. నువ్వే కదలాకు సామీ!"

మామ నవ్వు ఆపుకోలేక బండ మీద కూలబడ్డాడు. ఆ ముక్కను మాత్రం సినిమాలో అట్లాగే ఉంచాడు.

కర్నూలులో సర్కారు ఆఫీసువాళ్లకు సినిమా చూపిస్తే, దాన్ని కోసేయమన్నారు. రాష్ట్రం పెద్దదై ఆఫీసు హైదరాబాదుకు పోయింది, మామా దాని వెనకే వెళ్లాడు. అక్కడా అదే మాట. మొద్దుల్లా నిలబడ్డ వీళ్లను తీసేసి, కార్మికులు ఆనందంగా పనిచేస్తున్నారని మాట పెట్టాలట. ఫిల్ము డబ్బా చంకన పెట్టుకుని తిరిగొచ్చాడు.

"మీరు నవ్వుతాంటే తీసకరమ్మన్నారు అల్లుడా. మీకు నవ్వొచ్చిన రోజు చెప్పండి, తీస్తా."

ఏ హాలువాడూ ఆడించలేదు. బండల గోదాములో తలుపులు మూసి, దుప్పటి కట్టి మాకే చూపించాడు. "నేనింత పొట్టిదాన్నా?" అని అమ్మ శానా బాధపడింది. ఆ తర్వాత రాతిదుమ్ము ఆమె ఊపిరితిత్తులను తినేసింది. ఆమెకు వేరే ఫోటో లేదు.

అందుకే సుత్తి పక్కన పడేసి, అదే లారీ ఎక్కి ప్రొద్దుటూరు పోయాను. మామ తమ్ముడు వాకిట్లో సామాను సర్దుతున్నాడు.

"ఆ డబ్బానా? దాంట్లో ఫిల్ము గాజులు చేసేటోళ్లు కరిగించుకుంటామన్యారు. ఇచ్చేస్తాండా."

"దాంట్లో మా యమ్మ ఉందప్పా."

"ఉంటే ఏంది? బొమ్మే గదా."

డబ్బా లాక్కున్నాను. ఇప్పుడు గొప్ప కళాకారుడని పేపర్లలో సంతాపాలు చెప్పేవాళ్లారా, ఆయన బతికుండగా ఒక దుప్పటైనా కట్టారా మీరు?

బస్టాండులో జానెడు ఫిల్ము విప్పి ఎండకు పట్టాను. ఒకదాని కింద ఒకటి చిన్న చిన్న గళ్లు. ప్రతి గడిలోనూ అమ్మ ఒకేలా ఉంది, పెదవులు బిగించి, ఊపిరి వదలకుండా.

"బస్సొచ్చింది, కదులప్పా!" అని వెనక ఎవరో తోశారు.

నేను కదల్లేదు.