ఒకే ట్రక్కు, రెండు తీర్పులు

మా మేనత్త కొడుకు గొంతుక్కూర్చుని కాళ్లు కడుక్కుంటాడు. నేను నిలబడి మగ్గుతో పోసుకుంటాను. నా కుడి మోకాలు సగం వంగి ఆగిపోతుంది. ఇద్దరం పడింది ఒకే ట్రక్కు మీద నుంచి.

తణుకు వెళ్లే కాలవ గట్టు మీద మలుపులో డ్రైవరు వేగం తగ్గించలేదు. చెరకు లోడుతో ఉన్న ట్రాక్టరు ట్రక్కు బోల్తా పడింది. బావ ఆ చెరకు ఎత్తే కూలీ. నేను డిప్లొమా చదివి ఉప్పుడు బియ్యం మిల్లులో బాయిలర్ దగ్గర పనిచేసేవాణ్ణి. బస్సు తప్పిపోతే, బావ చెయ్యి అందిస్తే లోడు మీదికి ఎక్కాను.

ఆసుపత్రిలో హెడ్ కానిస్టేబుల్ ముందు బావనడిగాడు. తర్వాత నా మంచం దగ్గరకొచ్చి, "నువ్వూ చెరకెత్తడానికేనా బాబూ?" అన్నాడు.

"కాదండి. బస్సు తప్పిపోయింది. మిల్లుకి డ్యూటీకి వెళ్తున్నాను. లోడుకీ నాకూ సంబంధం లేదు. కుడివైపు, వెనక నుంచి మూడో కట్ట మీద కూర్చున్నాను."

"మూడో కట్టో నాలుగో కట్టో నేనడిగానా?" అంటూనే అంతా రాసుకున్నాడు.

పక్క మంచం మీద బావ కాలికి కట్టుతోనే నవ్వాడు. "కట్ట పొడుగు కూడా చెప్పకపోయావా బావా!"

కోర్టులో ఇన్సూరెన్స్ కంపెనీ లాయరు పట్టుకున్నది ఆ జవాబునే. ట్రాక్టరు యజమాని కూలీల కోసం పాలసీలో అదనంగా ప్రీమియం కట్టాడు. కాబట్టి బావకి పరిహారం కంపెనీ ఇవ్వాలి. సరుకు బండిలో ఊరికే ఎక్కినవాడికి ఆ పాలసీ వర్తించదు. కాబట్టి నాకు యజమాని తన చేతి నుంచి ఇవ్వాలి. తీర్పు అంతే. చదివితే ఎక్కడా తప్పు కనిపించలేదు. అదే నన్ను ఎక్కువ మండించింది.

బావని చూసి నేను ఎందుకు కుళ్లుకున్నానో వరసగా చెప్పగలను. ఎముక అతుక్కుని మళ్లీ అదే ట్రాక్టరు మీద పనికి వెళ్తున్నాడు. డబ్బు ఎవర్నీ అడక్కుండా బ్యాంకులో పడింది. అన్నిటికంటే ముఖ్యం, డబ్బిచ్చింది ముఖం లేని కంపెనీ. నాకివ్వాల్సిన మనిషి మా వీధి చివరే ఉంటాడు. కౌలు రైతు. ఆస్తి అంటే ఆ ట్రాక్టరే. నేను ఆసుపత్రిలో ఉన్నన్నాళ్లూ కొబ్బరి బోండాలు తెచ్చి, తనే కొట్టి తాగించాడు. తీర్పు వచ్చాక డబ్బు ఇవ్వలేక, నేను ఎదురైతే చూపు దించుకుని అవతలి పక్కకి వెళ్లిపోతున్నాడు. బావతో మాత్రం కాకా హోటల్లో టీ తాగుతున్నాడు.

రాజమండ్రి డాక్టరు ఇంకో ఆపరేషన్ చెయ్యాలన్నాడు. ఆలస్యమైతే మోకాలు అలాగే బిగిసిపోతుంది. అలా బిగిసిపోతే బాయిలర్ నిచ్చెన ఎక్కలేను. నిచ్చెన ఎక్కలేనివాడికి అక్కడ పని లేదు. మా లాయరు ఒకటే మాట అన్నాడు: "సంతకం పెట్టండి. ట్రాక్టరు జప్తు చేయిద్దాం."

చెరకు నరికే రోజులు. అయినా సంతకం పెట్టేద్దామనుకున్నాను. ట్రాక్టరు ఆగితే బావ పని కూడా ఆగుతుందన్న సంగతి మనసులో మెదిలింది. అది నాకు అడ్డుగా అనిపించలేదు.

ఆదివారం ప్రార్థన అయ్యాక బావ తెల్ల చొక్కాతోనే మా అరుగు మీదికొచ్చాడు.

"జప్తు చేయిస్తావంట?"

"మరి నా కాలు?"

"నా డబ్బుంది కదా. ఆపరేషన్ చేయించుకో. ఆయన సీజన్ అయ్యాక మెల్లగా నాకిస్తాడు. నేను మాట్లాడాను."

"నువ్వెవరివి మాట్లాడ్డానికి? నీకు ఇన్సూరెన్స్ ఉంది, మాకు లేదు. దానం చేస్తున్నావా?"

"దానమేంటి, నీ మొహం. నిన్ను ట్రక్కు ఎక్కించింది నేనేగా!"

"ఎక్కింది నేను."

"మళ్లీ మొదలెట్టాడండీ, కానిస్టేబుల్‌కి చెప్పినట్టు!" అన్నాడు లోపలున్న మా అమ్మ వైపు చూసి.

ఇచ్చేవాడి చోటు కూడా అతనిదే అయింది. ఒప్పుకోవడం కంటే సంతకం పెట్టడమే నాకు సులువుగా ఉండేది. కానీ మోకాలు నా అసూయ తీరేదాకా ఆగదు. "సరే" అన్నాను. థాంక్స్ అనే మాట మాత్రం నోరు దాటలేదు.

ఆపరేషన్ అయిన మర్నాడు డాక్టరు రౌండ్స్‌కి వచ్చాడు. నేను అడగాల్సినవన్నీ ముందే వరసగా అనుకుని ఉన్నాను. నోరు తెరిచేలోపు మంచం పక్కన స్టూలు మీద నుంచి బావ లేచాడు.

"మావాడు మళ్లీ నిచ్చెన ఎప్పుడెక్కుతాడండీ?"

డాక్టరు అతని వైపే తిరిగి జవాబు చెప్పడం మొదలుపెట్టాడు. నేను అడగాలనుకున్న మొదటి ప్రశ్న అదే.